నాతిఖ్, ఘైర్ నాతిఖ్

మా పాప తొమ్మిదో తరగతి. బడి తెరిచి నెల కాలేదు, లెక్కల స్లిప్ టెస్టులో 20కి 11 తెచ్చుకొనింది. పేపరు చూస్తే లెక్కలన్నీ సరిగ్గానే చేసింది, పేర్ల దగ్గర తప్పింది. 22/7 ఏ రకం సంఖ్య అంటే కరణీయ అని రాసింది. √2 దగ్గర అకరణీయ అని రాసింది. రెండూ తారుమారు.

"అమ్మీ, ఇంగ్లీషులో ఇర్రేషనల్ అంటే కాదు అనే మాట ముందర ఉంది కదా. తెలుగులో కూడా 'అ' ఉన్నదే ఇర్రేషనల్ అయ్యుండాల కదా" అని నా మీదికే వచ్చింది.

దాని పుస్తకంలో ఒక పేజీ ఇంగ్లీషు, పక్క పేజీ తెలుగు. రెండూ పక్కపక్కన పెట్టి చూశా. రేషనల్ సంఖ్యలకు అకరణీయ సంఖ్యలు, ఇర్రేషనల్ సంఖ్యలకు కరణీయ సంఖ్యలు. నిజమే, ఒకచోట 'కాదు' ఉంటే ఇంకోచోట 'అవును' ఉంది. తెలుగు నిఘంటువు తీస్తే ఇంకా తిరకాసు. కరణీయం అంటే చేయదగినది, అకరణీయం అంటే చేయకూడనిది. మన లెక్కన జాయిజ్, నాజాయిజ్ అన్నట్టు. అట్లయితే అర రొట్టె, ముప్పావు కిలో, 22/7 అన్నీ నాజాయిజ్ సంఖ్యలా? నేను ఇంటర్ దాకా చదివినదాన్నే, ఈ పేర్లను బట్టీ పట్టి పరీక్ష గట్టెక్కాను గానీ ఒక్కరోజూ అడగలేదు.

ఆ ఆదివారం ఆదోని నుంచి పత్తికొండ మీదుగా జొన్నగిరి పోయాం, మా మైకా. వానలు మొదలైతే మా ఊరు ఎట్లుంటుందో మీకు తెలిసే ఉంటుంది. కర్నూలు, అనంతపురం, బళ్ళారి నుంచి జనం వచ్చి చేలల్లో తల వంచుకొని వజ్రాలు వెతుకుతుంటారు. విత్తనం వేసిన రైతు అరుస్తుంటాడు. వచ్చినోళ్లు అరగంట పక్కకు పోయి మళ్లీ వస్తుంటారు. దగ్గర్లోనే ఎర్రగుడి, అశోకుడి శాసనాలున్న గుండ్లు. 1929లో అనూ ఘోష్ అనే భూగర్భ శాస్త్రవేత్త వాటిని గుర్తించాడు. అక్కడి ఒక శాసనంలో కొన్ని వరసలు మన తెలుగు లాగా ఎడమ నుంచి కుడికి, కొన్ని మన ఉర్దూ లాగా కుడి నుంచి ఎడమకు నడుస్తాయి. కరణీయ, అకరణీయ నాకు ఆ వరసల్లాగే కనపడ్డాయి. ఇంగ్లీషు ఇటు నుంచి పోతే తెలుగు అటు నుంచి వచ్చింది.

మా అబ్బా ఆదోనిలో ఉర్దూ మీడియంలో చదువుకున్నాడు. మనవరాలి బాధ విని నవ్వాడు. "మాకు ఈ తక్లీఫ్ లేదమ్మా. రేషనల్ అంటే నాతిఖ్, ఇర్రేషనల్ అంటే ఘైర్ నాతిఖ్. ఇంగ్లీషుతో బరాబర్ సరిపోతాది" అన్నాడు.

"నాతిఖ్ అంటే ఏంది నానా?"

"మాట్లాడేది. నుత్ఖ్ అంటే మాట. రెండు పూర్ణాంకాల నిష్పత్తిగా చెప్పగలిగితే అది మాట్లాడే సంఖ్య. సగం, ముప్పావు, ఇరవై రెండు బై ఏడు. అడిగితే జవాబిస్తాది. √2ని నువ్వెంత అని అడుగు, 1.41421 అంటూ పోతానే ఉంటాది, ఆగదు, ఒక వరసలో తిరిగి రాదు. తన పేరు తాను చెప్పుకోలేదు." అబ్బాకు హుషారు వచ్చింది. "మంతిఖ్‌లో కూడా ఇదే మాట. ఇన్సాన్ అంటే ఎవరు? హైవానె నాతిఖ్. మాట్లాడే ప్రాణి. ఆలోచన, మాట రెండూ..."

అంతలోనే ఆగిపోయాడు. గడప పక్కన బొంత కుడుతూ ఫుప్పు కూర్చొని ఉంది.

ఫుప్పు మా అబ్బాకు చెల్లెలు. పుట్టినప్పటి నుంచి వినపడదు, మాటా రాలేదు. ఆమెకు అందమైన పేరుంది, దాదీ పెట్టింది. ఆ పేరు ఊర్లో ఎవరికీ తెలీదు. గూంగీ అంటారు. మేమూ అనేవాళ్లం, తిట్టుగా కాదు, ఆమె పేరే అది అన్నట్టు. అబ్బా ఎందుకు ఆగాడో ఆమెకు వినపడలేదు. ముఖాలు చూసింది, ఏదో అయిందని తెలుసుకొని ఏమిటన్నట్టు గడ్డం ఎగరేసింది.

పాప ఊరుకోదు కదా. నోట్‌బుక్కు తీసుకపోయి ఆమె ముందర పెట్టింది. రెండు చదరాలు గీసింది, రెండూ పది పది సెంటీమీటర్లు. ఈ రెండూ కలిపి ఒకే చదరం చేయాల, దాని అంచు ఎంత అని సైగ చేసింది. అది √2 లెక్కే. పది సెంటీమీటర్ల చదరానికి రెట్టింపు చదరం కావాలంటే అంచు పది రెట్ల √2 ఉండాల.

ఫుప్పు నోట్‌బుక్కు చూసి, పక్కనున్న గుడ్డ ముక్కల్లోంచి రెండు చదరాలు తీసింది. రెండింటినీ మూల నుంచి మూలకు కత్తిరించింది. నాలుగు త్రికోణాలు వచ్చాయి. నాలుగింటి మొనలు మధ్యలో కలిసేట్టు పేర్చింది. పెద్ద చదరం తయారు. బొంతలో చిన్న ముక్కలను పెద్ద గడికి సరిచేయాలంటే ఆమె ఎప్పుడూ చేసే పనే. ఎంత, ఎంత అని పాప వేళ్లు చూపిస్తూ మళ్లీ అడిగింది.

వేళ్లతో లెక్క చెప్పడం ఫుప్పుకు తెలియనిదేం కాదు. మా దాదా యెమ్మిగనూరు జాతరలో ఎద్దుల బేరాలు చేసేవాడు. తువ్వాలు కింద ఇద్దరి చేతులు, వేళ్లు పట్టుకొని ధర చెప్పుకోవడం, పైన ఇద్దరూ గమ్మున ఉండడం. ఆ తువ్వాలు కింద అందరూ గూంగాలే. చిన్నప్పుడు దాదా ఆమెకు నేర్పిన మొదటి జబాన్ అదే. ఐదొందలు, వెయ్యి, వెయ్యిన్నర, అన్నీ వేళ్ల మీద చెప్తుంది. కానీ ఆ రోజు ఒక్క వేలూ చూపించలేదు. సూదిలోని దారం లాగి గుడ్డ అంచు మీద పెట్టి, అంతకు సరిగ్గా తుంచి, పాప చేతిలో పెట్టింది. ఇంత, అని.

పాప స్కేలు పెట్టి చూస్తే 14 సెంటీమీటర్లు దాటి ఒక చిన్న గీత, దాని మీద ఇంకొంచెం. ఆ ఇంకొంచెం స్కేలులో లేదు. దారంలో ఉంది.

ఆదోనికి వచ్చాక మా వీధిలో ఉండే రిటైరైన లెక్కల సారును కరణీయ సంగతి అడిగా. ఆయన చెప్పింది విన్నాక నాకు ఆ దారమే గుర్తొచ్చింది. పాతకాలంలో యజ్ఞవేదికలు కట్టడానికి కొలతలు చెప్పిన గ్రంథాలను శుల్బ సూత్రాలు అంటారంట. శుల్బం అంటే తాడు. ఒక చదరాన్ని చేసే తాడు కరణి, అంటే చేసేది. రెట్టింపు చదరాన్ని చేసేది ద్వికరణి, మూడింతలది త్రికరణి. బౌధాయనుడు ద్వికరణికి దగ్గరి విలువ కూడా చెప్పాడు, లెక్కేస్తే 577/408 వస్తుంది, అసలు దానికి ఐదు దశాంశ స్థానాల దాకా సరిపోతుంది. తర్వాత భాస్కరాచార్యుల నాటికి కరణి అంటే పూర్తిగా తెగని వర్గమూలం. ఆ కరణికి సంబంధించింది కరణీయ. ఆ బాధ లేనిది అకరణీయ. జాయిజ్ నాజాయిజ్‌తో దానికేం సంబంధం లేదు, రెండు వేర్వేరు మాటలు ఒకే రూపంలో కనపడుతున్నాయి, అంతే. పుస్తకం వేసినవాళ్లు ఈ నాలుగు ముక్కలు అక్కడే రాసి ఉంటే ఎందరు పిల్లలకు మార్కులు మిగిలేవో!

మరి మన నాతిఖ్ ఎక్కడిది? ఇది ఇంకో దారిలో వచ్చింది. యూనానీ వాళ్ల లోగోస్ అనే మాటకు మాట అనీ, నిష్పత్తి అనీ రెండు అర్థాలు. నిష్పత్తి లేని పొడవును వాళ్లు అలోగోస్ అన్నారు. అరబీలోకి తెచ్చినవాళ్లకు అందులో మాట అనే అర్థమే చేతికి తగిలింది. 9వ శతాబ్దంలో, బాగ్దాద్‌లో అల్ ఖ్వారిజ్మీ కాలానికే √2 లాంటివి అసమ్, అంటే చెవిటివి. 12వ శతాబ్దంలో తులైతులాలో, అంటే ఇప్పటి స్పెయిన్‌లోని టొలెడోలో, అరబీ పుస్తకాలను లాటిన్‌లోకి మార్చిన గెరార్డ్ అసమ్‌ను సర్దుస్ అన్నాడు, అదీ చెవిటే. ఇంగ్లీషు లెక్కల్లో సర్డ్ అని వినే ఉంటారు, అది ఇదే. ఫార్సీ వాళ్లయితే ఈ రోజుకీ బడిలో రేషనల్‌ను గోయా అనీ, ఇర్రేషనల్‌ను గుంగ్ అనీ చదువుతారు. గుంగ్ అంటే మన గూంగానే. ఇరాన్‌లో తొమ్మిదో తరగతి పిల్ల √2 గూంగా అని పరీక్షలో రాస్తే పూర్తి మార్కులు.

అసమ్ అనే మాట మీద ఇంకా కుతూహలం కలిగి, మా మొహల్లాలో అరబీ చెప్పే మౌల్వీ సాబ్‌ను అడిగా. రజబ్ నెలను రజబె అసమ్ అంటారని చెప్పాడు, ఆ నెలలో జంగ్ హరామ్ కాబట్టి కత్తుల చప్పుడు వినపడదని. బల్ఖ్‌కు చెందిన హాతిమె అసమ్ కిస్సా చెప్పాడు. ఆయన దగ్గరికి ఒకామె మసలా అడగడానికి వచ్చింది. అడుగుతుండగా ఆమెకు గాలి పోయింది. సిగ్గుతో చచ్చిపోతున్న ఆమెను చూసి హజ్రత్, నాకు చెవుడు, గట్టిగా చెప్పమ్మా అన్నారు. ఆమె బతికున్నంత కాలం చెవిటివాడిగానే ఉండిపోయారు. ఫరీదుద్దీన్ అత్తార్ రాసిన తజ్కిరతుల్ ఔలియాలో ఉంది ఆయన సంగతి.

మాటల్లో ఫుప్పు గురించి చెప్పా. నాకు ఏడేళ్లప్పుడు యెమ్మిగనూరు నుంచి ఆమెకు ఒక పైగామ్ వచ్చింది. మగ్గం నేసే అబ్బాయి, ఆమెను చూసే ఒప్పుకున్నాడు. మా ఖాందాన్ పెద్ద ఒకాయన, "ఖాజీ సాబ్ అడిగితే ఖబూల్ అని ఎట్ల చెప్తాది? నోరు లేనిదానికి నికా ఏంది?" అన్నాడు. అబ్బా తలూపాడు. అంతే, అది అక్కడికి ఖతమ్. ఇంకో పైగామ్ రాలేదు.

మౌల్వీ సాబ్ కొంచెంసేపు ఏమీ అనలేదు. తర్వాత, "మూగవాళ్ల ఇషారా అర్థమయ్యేదైతే అది నోటి మాటతో సమానం, నికాకూ అంతే. ఫిఖాలో మొదటి నుంచీ ఉందమ్మా. ఉస్మానీ తుర్కుల మజల్లాలో 70వ దఫా ఇదే. ఎవరైనా వచ్చి అడిగి ఉంటే..." అన్నాడు.

మళ్లీ జొన్నగిరి పోయినప్పుడు అబ్బాకు ఇది చెప్పాలా వద్దా అని బస్సు దిగేదాకా తేల్చుకోలేదు. డెబ్బై దాటిన మనిషి. చెప్పా. వాకిట్లో మంచం మీద కూర్చొని విన్నాడు. చానాసేపటికి, "ఎవరూ చెప్పలేదు. మేమూ అడగలేదు" అన్నాడు. ఇంకొంచెంసేపు ఆగి, "నాకు తెలీదని కాదమ్మా. అడిగితే అవునంటారేమో అని" అన్నాడు. ఇంటి పని, దాదీ మంచాన పడిన ఆ ఏడేళ్లు, మమ్మల్ని పెంచడం, అన్నీ ఫుప్పు చేతుల మీదే నడిచాయి. నేనేం మాట్లాడలేదు.

ఫుప్పు మమ్మల్ని చూసింది. అబ్బా ఆమెను దగ్గరికి రమ్మని సైగ చేశాడు, భుజం మీది తువ్వాలు తీసి తన చేతి మీద కప్పుకొని చెయ్యి చాపాడు. దాదా పోయాక వాళ్లిద్దరూ అట్ల మాట్లాడుకోవడం నేను చూడలేదు. ఆమె తువ్వాలు కింద చెయ్యి పెట్టింది. లోపల ఏం చెప్పాడో నాకు తెలీదు. ఆమె చెయ్యి తీసి, తువ్వాలు మడిచి, ఆయన భుజం మీదే వేసింది. వాన తెరిపిచ్చింది. ఫుప్పు సంచి తీసుకొని చేని వైపు బయలుదేరింది. వజ్రాల కోసం కాదు, వంటచెరుకు కోసం. పాప చెప్పులు చేతిలో పట్టుకొని బురదలో ఆమె వెనకాలే పరిగెత్తింది, ఆమె పేరు పెట్టి పిలుస్తూ.