గట్టు రాయి కింద నీళ్ళు



ఈ వారం ధ్యానానికి ద్వితీయోపదేశకాండము 19వ అధ్యాయము 14వ వచనము తీసుకుందాం. పొరుగువాని సరిహద్దు రాయిని జరపకూడదని మోషే ద్వారా దేవుడు చెప్పిన మాట అది. మన సీమలో దీనిమీద ప్రసంగం చేయాల్సిన పని పెద్దగా పడదు. గట్టు రాయి జానెడు జరిగిందంటే చాలు, సర్వేయరు వస్తాడు, పంచాయితీ కూర్చుంటుంది. రాయి సంగతి మనకు బాగా తెలుసు. రాయి కింద సంగతే ఈ మధ్య నన్ను నిద్ర పోనియ్యడం లేదు.

పల్లె సంఘకాపరికి పెండ్లి, సమాధి, గృహప్రవేశం ఎట్లాగో బోరు ప్రార్థన కూడా అట్లాంటిదే. "అయ్యగారూ, రేపు బోరు బండి వస్తాండాది. ఒకసారి పాయింటు కాడికొచ్చి ప్రార్థన చేసి పోండి" అని మొన్న ఒక సహోదరుడు ఫోను చేశాడు. ఇది ఆయనకు ఐదో బోరు. మొదటిది కొన్నేండ్లు బాగానే పోసింది. తర్వాతి రెండిట్లో తెల్లదుమ్ము తప్ప ఏమీ రాలేదు. నాలుగోది ఇప్పుడు పది నిమిషాలు పోసి గాలి కక్కుతోంది. ఇంటామె బంగారం బ్యాంకులో ఉంది. చీనీ చెట్లు ఎనిమిదో ఏట, కాపు మీద ఉన్నాయి. శనక్కాయ ఎండితే ఒక పంటే పోతుంది. చీనీ తోట ఎండితే ఎనిమిదేండ్లు పోతాయి.

గట్టు అవతల ఇంకో సహోదరుడి బోరు ఉంది. ఆదివారం ఇద్దరూ ఒకే చాప మీద కూర్చుంటారు. ఇక్కడ నీళ్ళు పడితే అక్కడ తగ్గుతాయని ఇద్దరికీ తెలుసు. మరి నేను పాయింటు దగ్గర మోకరించి ఏమని అడగాలి?

భూమి లోపల ఎక్కడో ఏరు పారుతోందనీ, అదృష్టవంతుడి బోరుకు అది తగులుతుందనీ మనవాళ్ళలో ఒక నమ్మకం ఉంది. టెంకాయ చేతిలో పెట్టుకొని తిరిగేవాళ్ళు దీన్ని ఇంకా పెంచారు. మన అనంతపురం నేల కింద ఉన్నది చాలావరకు గట్టి బండ. పైన కొంత లోతు వరకు చివికిన రాయి, దాని కింద పగుళ్ళు. నీళ్ళు నిలిచేది ఆ చివికిన పొరలో, ఆ పగుళ్ళలో, అంతే. ఆ పగులుకు పట్టా ఉండదు. సర్వే నంబరు తెలియదు. రెండు బోర్లు ఒకే పగులుకు తగిలితే, ఒక కుండలో రెండు గొట్టాలు పెట్టి తాగినట్టే.

కుండలోకి వచ్చేదెంత? మన జిల్లాలో సగటున ఏడాదికి కురిసేది సుమారు 550 మిల్లీమీటర్లు. ఒక ఎకరం మీద అది 22 లక్షల లీటర్లు. వినడానికి సముద్రంలా ఉంది. కానీ మన బండ నేలలో లోపలికి దిగేది నూటికి పది పాళ్ళ చుట్టుపక్కలే. అంటే రెండు లక్షల చిల్లర. బోరు కింద రబీలో ఎకరం వరి పెడితే తక్కువలో తక్కువ 40 లక్షల లీటర్లు పారించాలి. మడిలోంచి మళ్ళీ ఇంకేది తీసేసినా, ఆ ఒక్క ఎకరం పదెకరాల మీద కురిసిన వాన ఊటను తాగేస్తుంది. ఆ పదెకరాలూ ఒక్కరివేనా?

చూడండి ప్రియులారా, రాయి ఉన్నచోటే ఉంది. ఎవరూ జరపలేదు. కిందనే జరిగిపోయింది.

ఆదికాండము 26లో ఇస్సాకును గుర్తు చేసుకోండి. గెరారు లోయలో బావి తవ్వితే తగాదా, ఇంకోటి తవ్వితే ఇంకో తగాదా. ఏశెకు, శిత్నా అని పేర్లు పెట్టి, కొట్లాడకుండా ముందుకు సాగిపోయి, మూడో బావి దగ్గర రహెబోతు అన్నాడు. ఈ భాగం మీద చాలా ప్రసంగాలు విన్నాను, అన్నీ ఓర్పు గురించే. కానీ ఇస్సాకుకు పోవడానికి ఇంకో చోటు ఉంది. మన రైతుకు ఉన్నవి నాలుగెకరాలు. పక్కకు పోలేడు గనక కిందికి పోతున్నాడు. తాతల దిగుడు బావులు, కపిలి తోలిన బావులు ముప్పై నలభై అడుగులు. ఇప్పుడు వెయ్యి అడుగుల బోరు మన దగ్గర కొత్త కాదు. అంత లోతున ఎవరికీ రహెబోతు దొరకలేదు.

2002లో నీరు, భూమి, చెట్టు చట్టం వచ్చింది. తాగునీటి బావికి 250 మీటర్ల లోపు కొత్త బోరు వేయకూడదని ఉంది. రాత్రిపూట వచ్చి తెల్లారేలోపు పోయే బండికి ఆ కొలత ఎవరు చెప్పాలి? 2004 నుంచి సేద్యానికి కరెంటు ఉచితం. అది పేదరైతుకు మేలే, నేను కాదనను. కానీ ఎంత తోడామో చెప్పే బిల్లు మన చేతికి రాదు.

అయితే ఆ ఏండ్లలోనే మన జిల్లాతో కలిపి ఏడు కరువు జిల్లాల్లో రైతులే లెక్క చేతికి తీసుకున్నారు. ఆంధ్రప్రదేశ్ రైతుల యాజమాన్యంలో భూగర్భజల పద్ధతులు అని ఆ పథకం పేరు. వాన ఎంత పడిందో, బోర్లలో మట్టం ఎంత దిగిందో వాళ్ళే కొలిచారు. రబీకి ముందు ఊరంతా కూర్చొని ఉన్న నీళ్ళెన్ని, ఏ పంటకెన్ని అని లెక్క వేశారు. ఎవరినీ బలవంతం చేయలేదు. లెక్క అందరి ముందూ ఉంటే చాలామంది వరి తగ్గించుకున్నారు. సంఖ్యాకాండము 21లో బెయేరు దగ్గర అధికారులు, పెద్దలు కర్రలతో బావి తవ్వారని, జనమంతా పాడారని చదువుతాం. నాకు అదే గుర్తొచ్చింది.

ఇక ఆ సహోదరుడి పాయింటు. గట్టు అవతలి ఆయనను కూడా రమ్మన్నాను. కొంచెం గొణిగాడు గానీ వచ్చాడు. ఇద్దరి మధ్య నిలబడి, ఈ కింద ఉన్నది ఇద్దరికీ సరిపోయేలా పంచుకునే మనసు ఇమ్మని ప్రార్థించాను. బోరు అడగలేదు. బండి మాత్రం ఆగలేదు, మాట ఇచ్చేశారు కదా. 700 అడుగులకు ముప్పావు ఇంచు పడింది. అవతలి బోరు తగ్గిందో లేదో రెండు వారాలుగా ఇద్దరూ కలిసి తాడుకు రాయి కట్టి, ఎండిపోయిన పాత బోరులో దించి చూస్తున్నారు. అవతలి ఆయన ఈ రబీకి రెండెకరాల వరి మానుకొని అరెకరం పెట్టాడు. ఆ అరెకరం కూడా ఎందుకన్నా అంటే, "ఇంట్లోకి తిండిగింజలు వద్దా అయ్యగారూ?" అంటున్నాడు.