నడుమ జారిన యేండ్లు

చదువు మధ్యలో మాని, చాలకాలమునకు మరల డిగ్రీ చదువగోరు వానికి మన దేశమున మొట్టమొదట కావలసినది పుస్తకము కాదు, స్టాంపు కాగితము. న్యాయస్థానపు ప్రహరీగోడ ప్రక్కన వేపచెట్టు నీడను బల్లలు వేసికొని కూర్చుండు టైపిస్టుల యొద్దకు పోయి, "గ్యాప్ సర్టిఫికెట్" అని రెండు మాటలు పలికినంతనే, వారు మన పేరును, తండ్రి పేరును, వయస్సును, నివాసమును అడిగి, తక్కినదంతయు తమ యంత్రములో ముందుగనే సిద్ధమై యున్నది గనుక ఖాళీలు మాత్రము పూరించి, నోటరీగారి ముద్రతో సహా చేతబెట్టెదరు. అందలి సారాంశ మేమనగా, ఫలానా సంవత్సరము మొదలు ఫలానా సంవత్సరము వరకు నేను ఏ విద్యాసంస్థయందును చేరియుండలేదు, ఏ కోర్సును చదివియుండలేదు, ఎట్టి చట్టవిరుద్ధ కార్యకలాపములలోను పాల్గొనియుండలేదు, ఇందు వ్రాసినదంతయు నాకు తెలిసినంతవరకు సత్యము. మనుష్యుని జీవితమున సగమునకు పైబడిన భాగమును ఇంత సంక్షేపముగా చెప్పగలిగిన రచన మన వాఙ్మయమున వేరొకటి యున్నదని నేనెరుగను.

ఆ కాగితమును నేనును వ్రాయించుకొంటిని. బి.ఏ. రెండవ సంవత్సరమున ఉండగా తండ్రిగారు గతించుటయు, ఇంటికి పెద్దవాడనగుటయు, ఒక ప్రభుత్వరంగ కర్మాగారమున గుమాస్తా కొలువు దొరకుటయు, అది పోయిన పిమ్మట ఒక దుకాణమున లెక్కలు వ్రాసికొనుచు కుమార్తెలకు పెండ్లిండ్లు చేయుటయు, లోకమున లక్షలమందికి జరుగునవే గనుక వాటిని విస్తరింపను. ఆ యేండ్లలో నేను ఏ విద్యాసంస్థయందును చేరలేదన్నది అక్షరాల నిజము. ఏ కోర్సును చదువలేదన్న రెండవ వాక్యముక్రింద సంతకము చేయునప్పుడు మాత్రము చేయి కొంచెము తడబడినది. అద్దె ఒడంబడికలోని మెలికలను, తల్లిగారి వైద్య పరీక్షల కాగితములలోని అంకెలను, రేషను కార్డులో తప్పుపడిన పేరును దిద్దించుటకు ఏ కార్యాలయమున ఏ గుమాస్తాను ఏ వేళకు కలిసికొనవలయునో ఆ రహస్యమును, వియ్యంకులతో మాటలాడునప్పుడు ఏది చెప్పవలయునో ఏది మ్రింగవలయునో ఆ వ్యాకరణమును ఎవరు బోధించిరని అడిగినచో నాయొద్ద ఏ సర్టిఫికెట్టును లేదు.

మూడవ వాక్యమున్నది చూచితిరా, ఆ చట్టవిరుద్ధ కార్యకలాపముల మాట! ఈ ప్రమాణము ఆ కాలముననే విధింపబడి యుండినచో దుర్గాబాయి దేశ్‌ముఖ్ గారి గతి యేమై యుండునోయని నేను పలుమారు తలపోసితిని. 1909లో రాజమహేంద్రవరమున పుట్టిన ఆమె చిన్ననాడే బడి విడిచి, హిందీ నేర్చి, పదిమందికి నేర్పి, ఉప్పు సత్యాగ్రహమున చెరసాలలకు పోయి వచ్చిన పిదప గదా కాశీ హిందూ విశ్వవిద్యాలయపు మెట్రిక్యులేషనుకు కూర్చుండినది. పిమ్మట గదా ఆంధ్ర విశ్వకళాపరిషత్తున బి.ఏ. ఆనర్సు చదివినది, 1942లో మద్రాసున న్యాయశాస్త్ర పట్టము పుచ్చుకొన్నది. తనవలెనే చదువు నడుమ తెగిపోయిన స్త్రీలను ఆ కాశీ మెట్రిక్యులేషనుకే సిద్ధపరచుటకై ఆమె పట్టిన శ్రమనుండి గదా 1937లో ఆంధ్ర మహిళా సభ రూపుగట్టినది. ఆనాటి పరిపాలకుల దృష్టిలో ఆమె గడపిన యేండ్లు చట్టవిరుద్ధములే. వేపచెట్టు క్రింది టైపిస్టు ఆ పంక్తిని కొట్టివేయుటకు ఒప్పుకొనడు, దానిక్రింద సంతకము చేయుటకు ఆమె ఒప్పుకొనదు, మన రాజ్యాంగ సభకు ఒక సభ్యురాలు తక్కువై యుండును.

ఇట్టివి మరికొన్ని కలవు. 1938లో ఉస్మానియా వసతిగృహములయందు వందేమాతరము పాడిన నేరమునకు విద్యార్థులను బహిష్కరింపగా, వారు నైజాము సరిహద్దు దాటిపోయి నాగపూరు విశ్వవిద్యాలయమున చేరి చదువులు కొనసాగించిరి. పి.వి. నరసింహారావుగారు వారిలో ఒకరు. ఈ పేరు ముందు మరియొకమారు వచ్చును గనుక పాఠకులు జ్ఞాపకముంచుకొందురు గాక. 1969లో తెలంగాణమునందును, 1972–73లో కోస్తా రాయలసీమలయందును ఉద్యమములు చెలరేగి కళాశాలలు నెలల తరబడి మూతపడినప్పుడు ఒక తరము తరమే పుస్తకములు కట్టిపెట్టినది. అందులో కొందరు మరల తెరచిరి, కొందరు తెరవలేదు. చదువు తెగిపోవుట మన దేశమున ఒక వ్యక్తి బద్ధకముగా లెక్కింపదగిన విషయము కాదని చెప్పుటకే ఇదంతయు.

మన పెండ్లితంతులో కాశీయాత్ర యను వినోద ఘట్టమొకటి యున్నది. స్నాతకము ముగిసిన వరుడు గొడుగు పట్టి, చేతికర్ర పుచ్చుకొని, పాదుకలు తొడిగికొని కాశికి పోవుచున్నానని బయలుదేరగా, వధువు సోదరుడు ఎదురేగి, గడ్డము క్రింద బెల్లపుముక్క యుంచి, క్రొత్తబట్టలు పెట్టి, మా యమ్మాయినిచ్చి పెండ్లిచేసెదము, మరలుమని బతిమాలును. వరుడు మరలును, అందరును నవ్వుదురు, సన్నాయి వారు పాట యెత్తుకొందురు, కాశి ఎక్కడిది అక్కడనే యుండును. వధువుకు ఆ మాత్రపు అభినయమైనను లేదు. ఆమె ఎక్కడికిని బయలుదేరనే లేదు గనుక ఆపవలసిన పనియు లేదని శాస్త్రకారులు తలంచి యుందురు. నేను మరల బి.ఏ.లో చేరబోవుచున్నానని తెలిసి, ఆనాడు నాకు బెల్లపుముక్క పెట్టిన మా బావమరిది పనిగట్టుకొని వచ్చి, "ఎందుకు బావా ఇప్పుడు? ఎవరిని ఉద్ధరించడానికి?" అని అడిగినాడు. ఈ పర్యాయము బెల్లము తేలేదు. మొక్కై వంగనిది మానై వంగునాయను సామెతను మాత్రము పోవుచు పోవుచు గుమ్మములో వదలిపోయినాడు. మొక్కగా ఉన్ననాడు తాను వంగిన జాడ నాకేమియు కనబడలేదు గనుక, నేనా సామెతను అంతగా పట్టించుకొనలేదు.

కళాశాలలో నన్ను మొట్టమొదట నిరాకరించినది వ్రేలిముద్ర యంత్రము. హాజరు నూటికి డెబ్బది అయిదు పాళ్లుండవలయును, అరువదియైదుకు పైబడినచో తగిన కారణము చూపి కాండొనేషను రుసుము చెల్లించి గట్టెక్కవచ్చును, అంతకు దిగినచో పరీక్షకు కూర్చుండ వీలులేదు అను నియమములు చెప్పి, బొటనవ్రేలు పెట్టుమనిరి. పెట్టితిని. నా వ్రేలిగీతలు దశాబ్దములపాటు లెక్కల పుస్తకముల పుటలు త్రిప్పి త్రిప్పి అరిగినవి కాబోలు, మరల ప్రయత్నింపుమని ఆ యంత్రము ఎర్రదీపముతో చెప్పినది. నా వయస్సు వానికి అంతకన్న యుక్తమైన ఉపదేశము ఏ గురువును చేయడని తలంచి మరల మరల ప్రయత్నించితిని. తుదకు చూపుడువ్రేలు పనికివచ్చినది.

అర్థశాస్త్రము చెప్పు అధ్యాపకుడు నా పెద్దకుమార్తెకన్న చిన్నవాడు. హాజరు పిలుచునప్పుడు తక్కిన వారినందరిని ఉత్తపేళ్లతో పిలుచుచు వచ్చి, నా పేరు దగ్గర ఒక్క క్షణమాగి, "గారు" చేర్చెడివాడు. అప్పుడు వెనుక బల్లలనుండి సన్నని నవ్వొకటి వినవచ్చెడిది. ఏబది అరువది పేళ్లు పిలువవలసిన మనిషికి ఎల్లకాలము ఈ మర్యాద సాగదు గదా. ఒకనాటి ఉదయమున ఆయన తొందరలో ఆ "గారు"ను జారవిడిచి, తరువాత మరల తీసికొననేలేదు. ఫీజు రసీదుమీది తేది ఏదైనను, నేను ఆ కళాశాలలో చేరినది ఆనాడే. పిల్లలు మాత్రము "అంకుల్" అనుట మానలేదు. వారు నన్ను తమ వాట్సాప్ బృందములో చేర్చుకొని, నోట్సులు పంపి, "అంకుల్, ఇంపార్టెంట్ క్వశ్చన్స్ ఏమొస్తాయంటారు?" అని అడుగుచుండిరి. తల నెరసినవానికి ప్రశ్నపత్రము ముందుగా తెలిసియుండునని వారి నమ్మకము.

జ్ఞాపకశక్తి విషయమున వారికిని నాకును గల భేదము నేను తలంచిన రీతిని లేదు. వారు రాత్రికి రాత్రి పది పుటలు నోటికి తెచ్చుకొని, మరునాడు పరీక్ష వ్రాసి, సాయంకాలమునకు దులిపివేసికొనగలరు. నాకు, ఎరిగిన మనిషి ముఖమో, ఎరిగిన వస్తువు ధరయో తోడు రానిదే ఒక్క నిర్వచనమైనను నిలువదు. ద్రవ్యోల్బణమనగా కిరోసిను డబ్బాతో దుకాణము ముందర నిలుచున్న మా తల్లిగారు; ఉపాంత ప్రయోజనమనగా విందుభోజనమున మూడవ పూర్ణము. ఇట్లు ఎక్కించుకొన్నది దిగిపోదు. అయితే పరీక్షకులకు కిరోసిను అక్కరలేదు, నిర్వచనము కావలయును. దానిని వెలికి తీయుటకు ఆ ముఖములనన్నిటిని ప్రక్కకు తొలగించి త్రోవ చేసికొనవలసి వచ్చును, ఇంతలో మూడు గంటలును గడచిపోవును. చేతినొప్పి సంగతి చెప్పనేల.

శంకరాచార్యులవారు కాశీ వీథిలో శిష్యులతో నడచుచుండగా ఒక వృద్ధుడు పాణినీయ సూత్రములు వల్లెవేయుట విని, మరణము సమీపించినవానికి ఇవి అక్కరకు రావని హెచ్చరించిరనియు, భజగోవింద స్తోత్రము ఆ సందర్భముననే పుట్టినదనియు ఐతిహ్యము. జగద్గురువుతో వాదింపగల వాడను కాను. అయినను ఆ వృద్ధుడు ఏమి బదులు చెప్పెనో కథకు లెవ్వరును చెప్పకుండుట నాకు వెలితిగా తోచును. మరునాడు తెల్లవారుజామున ఆయన ఆ సూత్రము దగ్గరనే కూర్చుండి యుండునని నా అనుమానము. ఏటి యవతలి గట్టు చేరవలసినవాడు ఈవలి గట్టుమీది చెట్ల పేళ్లు తెలిసికొనగోరుట అంత పాపమా? ఇక కథాసరిత్సాగరములోని సాతవాహనరాజు కథ వేరు. జలక్రీడవేళ రాణి తన సంస్కృతమునకు నవ్వగా సిగ్గుపడి, వ్యాకరణము నేర్చి తీరెదనని పట్టుపట్టిన ఆ నడివయస్సు విద్యార్థికి, ఆరేండ్లు పట్టునని గుణాఢ్యుడనగా, ఆరునెలలు చాలునని శర్వవర్మ పందెము కాసి, గెలిచి, కాతంత్రమను సులభ వ్యాకరణమును వెలయించెనట. రాజునకు సిగ్గు కలిగినచో వాచకమే పుట్టును. మనబోటి వారికి కాతంత్రము ఎవరు వ్రాసి యిత్తురు?

న్యాయముగా చెప్పవలయునన్న, కొంతవరకు వ్రాసి యిచ్చినవారు కలరు. 1982లో హైదరాబాదున నెలకొల్పిన ఆంధ్రప్రదేశ్ సార్వత్రిక విశ్వవిద్యాలయము, దేశమున ఆ జాతి సంస్థలలో మొదటిది, 1991 నుండి డాక్టర్ బి.ఆర్. అంబేద్కర్ పేర వెలయుచున్నది. బడిచదువు పూర్తిగాని వారికి సైతము అర్హత పరీక్ష పెట్టి డిగ్రీలో చేర్చుకొని, గురువు ఎదుట లేకున్నను బోధపడునట్లు తెలుగున పాఠములు వ్రాయించి అచ్చువేసి ఇండ్లకు పంపినది. మా కళాశాలలోనే ఆదివారములు దాని తరగతులు జరుగును. ఆనాడు ఆ భవనమునకే వేరొక కళ వచ్చును: కండక్టర్లు, అంగన్‌వాడీ కార్యకర్తలు, పెండ్లితో చదువు మానిన గృహిణులు, కావలికాయువారు, భోజనపు డబ్బాలతో వచ్చి ముందుబల్లలనే వెదకి కూర్చుందురు. కూతురు వారపుదినములలో చదువు గదిలోనే తల్లి ఆదివారము చదువుకొను ఇల్లొకటి నాకు తెలియును. ఆ యింటిలో ఇద్దరిలో ఎవరు ఎవరిని చదువుమని కసరుదురో చెప్పుట కష్టము.

ఇటీవలి విద్యావిధానము మధ్యలో మానుటను, మరల చేరుటను చట్టబద్ధము చేసినది. ఏడాదికి సర్టిఫికెట్టు, రెండేండ్లకు డిప్లొమా, మూడేండ్లకు డిగ్రీ ఇచ్చి పంపుదురట. సంపాదించిన క్రెడిట్లను అకడమిక్ బ్యాంకు అను ఖాతాలో దాచుదురట. 2021 నాటి నిబంధనల ప్రకారము ఆ నిలువకు గరిష్ఠముగా ఏడేండ్ల ఆయుష్షు. పిల్లలకు పెండ్లిండ్లు చేసి వచ్చువారిని ఎరుగనివారు వ్రాసిన నిబంధన యిది. ఏడేండ్లలో తీరు గృహస్థుని పనులు ఏవియో నాకు తెలియవు.

కడపటి సెమిస్టరున భారత ఆర్థిక వ్యవస్థ పాఠ్యాంశమైనది. 1991 జూలై 24 నాటి పారిశ్రామిక విధానము, ప్రధాని పి.వి. నరసింహారావుగారు, ప్రభుత్వరంగ సంస్థల పునర్వ్యవస్థీకరణ, 1992లో జాతీయ పునరుద్ధరణ నిధి, స్వచ్ఛంద పదవీ విరమణ పథకము అన్నియు ఒక్క పుటలో నున్నవి. ఒకనాడు తన చదువు తెంపబడి నాగపూరు పోయిన విద్యార్థి పేరును, నా కొలువు తెగిన పథకము పేరును ఆ పుటలో పైన ఒకటియు క్రింద ఒకటియు అచ్చుపడియుండగా, నా ప్రక్కబల్ల పిల్లవాడు రెండింటిని పసుపురంగు కలముతో పూసి, "ఇది తప్పకుండా వస్తుంది అంకుల్, పాయింట్లుగా రాయాలి" అని ఉపదేశించినాడు. ఆ పథకములోని "స్వచ్ఛంద" మెట్టిదో, ఆనాడు మా కర్మాగారపు ద్వారము దగ్గర ఎవరు ఏడ్చిరో, వచ్చిన సొమ్ము పుచ్చుకొని చిట్టీలలో పోగొట్టుకొన్నవారెవరో, ఆటో కొన్నవారెవరో వానికి చెప్పవలయుననిపించినది గాని, వాడు అప్పటికే తరువాతి పుట త్రిప్పినాడు.

వాడు చెప్పినట్లే పరీక్షలో అది వచ్చినది, అయిదు మార్కులకు. మిగులు సిబ్బంది తగ్గింపు, వ్యయభారపు తగ్గుదల, ఉత్పాదకత పెరుగుదల, నిధి తోడ్పాటు, పునఃశిక్షణ అని అయిదంశములు వ్రాసి, ఒక్కొక్కదానిక్రింద రెండేసి పంక్తులు చేర్చితిని. అయిదుకు అయిదును వచ్చినవి.