మొట్టమొదట



2024 వేసవిలో మూడు నెలలు వర్జీనియాలో మా అబ్బాయి ఇంట ఉండి తెనాలి తిరిగివచ్చాను. అమెరికా వెళ్లివచ్చినవాణ్ణి నయాగరా గురించి అడగడం మనవైపు మర్యాద. నయాగరా చూశాను. అయితే ఈ పూట నేను చెప్పదలచిన హోరు దానిది కాదు, మా అబ్బాయి ఇంటి బేస్మెంటులో విన్నది.

నా మనుమడికి పదిహేనేళ్లు. మరి ముగ్గురు స్నేహితులతో కలిసి ఒక బృందం పెట్టుకొన్నాడు. రెండు గిటార్లు, ఒక బాస్ గిటారు, డ్రమ్ములు. నేను వెళ్లిన రెండవనాటి సాయంకాలం భాగవతం తెరవబోతుండగా కాళ్లకింద నేల అదిరింది. మెట్లు దిగి చూస్తే నలుగురు పిల్లలు చెమటలు కారుతూ వాయిస్తున్నారు. ఒకడు పాడుతున్నాడో, ఎవరినైనా కేకలు వేస్తున్నాడో తెలియలేదు. నన్ను చూడగానే అందరూ ఆగిపోయారు. ఇదేమి సంగీతమని అడిగాను. "పోస్ట్-హార్డ్‌కోర్, తాతయ్యా" అన్నాడు మనుమడు. 38 ఏళ్లు పిల్లలకు సమాసాలు చెప్పినవాడినై యుండి ఆ పదానికి విగ్రహవాక్యం చెప్పలేకపోయాను.

మరునాడు వాడు నా చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించి, "మొదటినుంచి చివరిదాకా విను, మధ్యలో ఆపకూడదు" అని షరతు పెట్టాడు. పద్యం చదివేటప్పుడు నేను తరగతిలో పెట్టిన షరతే అది. కనుక కాదనలేకపోయాను.

వాడు వినిపించినది 'రిపీటర్' అనే ఆల్బం. ఫ్యుగాజీ అనే వాషింగ్టన్ బృందం 1990 ఏప్రిల్‌లో వెలువరించిన మొదటి పూర్తి ఆల్బం. పదకొండు పాటలు, సుమారు 35 నిమిషాలు. నిజం చెప్పాలి గదా, మొదటిసారి విన్నప్పుడు తలనొప్పి తప్ప నాకేమీ దక్కలేదు. రెండవసారి విన్నప్పుడు ఆ హోరులో ఆగవలసిన చోట్లు కనిపించాయి. నలుగురూ ఒక్కసారిగా ఆగుతారు, ఆ నిశ్శబ్దంలో బాస్ ఒక్కటే నడుస్తుంది, మళ్లీ నలుగురూ ఒకే క్షణంలో అందుకొంటారు. యతి తప్పితే పద్యం ఎలా కూలిపోతుందో, ఆ ఆగడం ఒక్క రవ్వ తప్పితే ఆ పాట అలా కూలిపోతుంది. తప్పలేదు. గోల అనుకొన్నదానిలో ఇంత కట్టుబాటు ఉన్నదని తెలిసి కొంత సిగ్గుపడ్డాను.

పోస్ట్-హార్డ్‌కోర్ అంటే ఏమిటో మనుమడే చెప్పాడు. 1980 ప్రాంతంలో వాషింగ్టన్ కుర్రవాళ్లు పంక్ సంగీతాన్ని పట్టుకొని దానిని మరింత వేగంగా, మరింత పొట్టిగా చేశారు. నిమిషం, నిమిషంన్నరలో ముగిసే పాటలు. అది హార్డ్‌కోర్. ఇయన్ మెకాయ్ పాడిన మైనర్ థ్రెట్ బృందం అందులో పేరుపొందినది, 1983లో విడిపోయింది. ఆ తరువాత అదే నగరపు యువకులు కోపాన్ని విడువకుండా వేగాన్ని తగ్గించుకొన్నారు. విరామాన్ని పాటలోకి తెచ్చుకొన్నారు. జమైకా దేశపు రెగే, డబ్ సంగీతాల నుండి బాస్ నడక నేర్చుకొన్నారు. మెకాయ్, గీ పిచాటో, జో లాలీ, బ్రెండన్ కాంటీ కలిసిన ఫ్యుగాజీ అటువంటిదే. 1987 సెప్టెంబరు 3న ఆ బృందపు తొలి కచేరీ జరిగింది.

ఇక్కడ నన్ను ఆకర్షించిన సంగతి ఒకటున్నది. 1988 చివర యూరోపులో ఊరూరా వాయించి అలసిన ఆ నలుగురు, ఆ అలసటతోనే లండన్‌లో తమ మొదటి ఆల్బం కోసం రికార్డింగుకు కూర్చొన్నారు. వచ్చినది వారికి తృప్తి కలిగించలేదు. దానిని ఆల్బం అనడానికి మనసొప్పక, 'మార్జిన్ వాకర్' అనే చిన్న రికార్డుగా 1989లో విడుదల చేసి ఊరుకొన్నారు. ఆ ఏడాది జూలైలో, ఈసారి తమ ఊరి పక్కనే ఆర్లింగ్టన్‌లో, మళ్లీ మొదలుపెట్టారు. అలా వచ్చినది 'రిపీటర్'.

రిపీటర్ అంటే మాటిమాటికి పేలే తుపాకి. 1989లో వాషింగ్టన్‌లో జరిగిన హత్యలు నాలుగువందలు దాటాయి. ఆ పేరుగల పాటలో బయట తుపాకి చప్పుడు వింటూ, చచ్చినది తమకు తెలిసినవాడు కాదులెమ్మని లోపల ఉండిపోయే మనుషులు కనిపిస్తారు. రిపీటర్ అంటే చేసినదే మళ్లీ చేసేది అని కూడ అర్థం. నావంటివానికి తోచే మాట ఆమ్రేడితం. ఒక మాటను రెండుసార్లు అన్నప్పుడు రెండవదానిని ఆమ్రేడితమంటాము. మొదట, మొదట అని రెండుసార్లు అంటే 'మొట్టమొదట' అవుతుంది. పిల్లలకు వందలసార్లు చెప్పిన సంధి. ముందున్న మాటలో తొలి అచ్చు మీది అక్షరాలన్నీ రాలిపోయి జంట టకారం వచ్చి చేరుతుంది, వెనుకనున్న మాట చెక్కుచెదరకుండా నిలుస్తుంది. ఫ్యుగాజీవారికి జరిగినదీ అదే. ముందటి మొదలు అరిగిపోయింది, రెండవది నిలిచింది. ఆ రెండూ కలిస్తేనే మొట్టమొదటి ఆల్బం అయింది. ఇది మనుమడికి చెబితే నోటుపుస్తకంలో వ్రాసుకొన్నాడు. ఉద్యోగ విరమణ తరువాత నా పాఠం ఒకరు వ్రాసుకోవడం అదే మొదలు.

ఆ రికార్డింగు జరిగిన తీరు కూడ వినదగినది. డాన్ జియెంటారా అనే ఇంజనీరు తన ఇంటి బేస్మెంటులోనే ఇన్నర్ ఇయర్ అనే స్టూడియో నడిపేవాడు. 1990లో అది వేరే కట్టడంలోకి మారి, 2021లో మూతపడింది. రికార్డింగును నడిపించిన టెడ్ నైస్లీ వంటవాడు కూడ. ఆయన వంటపనికి పోవలసి ఉన్నందున ఉదయం 9 నుండి మధ్యాహ్నం 1 వరకే పని. రాత్రులు మేలుకొని వాయించే ఆ నలుగురూ బడిపిల్లల వలె పొద్దున్నే హాజరు కావలసివచ్చింది. ఫ్యుగాజీలో అంతవరకు పాటకే పరిమితమైన పిచాటో ఇందులో గిటారు కూడ పట్టాడు. రెండు గిటార్లు ఒకదానినొకటి ప్రశ్నించుకొంటున్నట్లు వినిపించడం అందువల్లనే. డ్రమ్ములవాని పేరుతో మాటలు లేని కృతి ఒకటున్నది. వెనుక కూర్చొన్నవాని పేరు ముందుకు తెచ్చిన ఆ పద్ధతి నాకు నచ్చింది.

వెల సంగతి ఇంకా నచ్చింది. వారి రికార్డులు వెలువరించిన డిస్కార్డ్ సంస్థను 1980లో మెకాయ్, అతని స్నేహితులు తమ బృందం కూడబెట్టిన కొన్ని వందల డాలర్లతో ప్రారంభించారు. తొలి రికార్డుల అట్టలను కత్తెరతో కత్తిరించి, మడిచి, జిగురు పెట్టి స్నేహితులందరూ కూర్చొని అంటించారు. అంగడివారు ఎక్కువకు అమ్మకుండా వెలను అట్టమీదనే అచ్చువేసేవారు. కచేరీకి ప్రవేశం సాధారణంగా 5 డాలర్లే, వయసుతో నిమిత్తం లేదు. గుంపులో ఎవడైనా తోటివారిని కుమ్ముతుంటే పాట ఆపి, వాని 5 డాలర్లు వాని చేతిలో పెట్టి బయటికి పంపేవారు. 2002 వరకు ఇలాగే వేయికి పైగా కచేరీలు చేశారు.

ఇంతవరకు కథ సాఫీగా ఉన్నది. ఇక ఇంటి సంగతి.

పిల్లలు ఆ వేసవిలో తమ నాలుగు పాటలు రికార్డు చేసుకోదలచారు. మా అబ్బాయి వీల్లేదన్నాడు. కాలేజీ ప్రవేశపరీక్షకు కోచింగు ఉన్నదని, అది పోతే మళ్లీ రాదని అతని వాదన. మనుమడు ఎదురు చెప్పలేదు. పళ్లెంలో అన్నం సగం వదిలి లేచిపోయాడు. వాడలా లేచిపోవడం నేను ఇదివరకెక్కడో చూసినట్లనిపించింది.

ఆ రాత్రి వంటింట్లో నీళ్లు త్రాగుతున్న అబ్బాయితో, "నాలుగు పాటలే గదా, చేసుకోనీయరాదా" అన్నాను. అతడు గ్లాసు కింద పెట్టి, మెల్లగా, "నేను కొత్తగా ఏమీ అనలేదు నాన్నగారూ. మీరు నాతో అన్నదే వాడితో అన్నాను" అన్నాడు.

1997లో అబ్బాయికీ పదిహేనేళ్లే. గిటారు కొనిపెట్టమని ఒక్కసారి అడిగాడు. "అది సంగీతమా, గోలా? ముందు చదువు సంగతి చూడు" అన్నాను. అతడు మళ్లీ అడగలేదు. అడగలేదు గనుక కోరిక తీరిపోయిందనుకొన్నాను. డబ్బు లేక కాదన్నానా అంటే, అదీ కాదు. ఆ సంవత్సరమే నేను వ్రాసిన శతకాన్ని సొంత ఖర్చుతో 500 ప్రతులు అచ్చు వేయించుకొన్నాను. అట్ట వెనుక 'వెల: అమూల్యము' అని వేయించాను. పంచినవి పంచగా, మిగిలిన మూడువందల ప్రతులు అటక మీద చెదలపాలయ్యాయి. నా శతకానికి దొరికిన డబ్బు కొడుకు గిటారుకు దొరకలేదు. ఇరవయ్యేడేళ్లు ఈ రెండు సంగతులనూ ఒకదాని పక్కన ఒకటి పెట్టి చూసుకోలేదు. ఆ రాత్రి చూసుకొన్నాను.

"అప్పుడు నేనన్నది తప్పురా" అన్నాను. వినడానికి చిన్న మాట. ఉపాధ్యాయునిగా గాని, తండ్రిగా గాని నేను ఎన్నిసార్లన్నానో లెక్కపెడితే ఒక చేతి వేళ్లు మిగులుతాయి. "ఇప్పుడవన్నీ ఎందుకులెండి" అని దీపం ఆర్పి వెళ్లిపోయాడు. నేను చీకటిలో కొంతసేపు కూర్చొన్నాను. ఒక మాటను తండ్రి అంటాడు, కొడుకు దానినే తన కొడుకుతో అంటాడు. ఇదీ ఆమ్రేడితమే. రెండవసారి పలికిన మాటే గట్టిగా నిలుస్తుందని పాఠం చెప్పినవాణ్ణి, అది నా ఇంట్లో ఇలా నిలుస్తుందని ఊహించలేదు.

రెండు రోజుల తరువాత అబ్బాయే కొడుకును పిలిచాడు. కోచింగు మధ్యాహ్నం రెండు గంటలకు. శనివారాలు ఉదయం 9 నుండి 1 వరకు బేస్మెంటు మీది, ఒక్క నిమిషం దాటినా ఒప్పుకోను అన్నాడు. ఆ వేళలు ఎక్కడివో నాకూ మనుమడికీ తెలుసు, అబ్బాయికి తెలియదు. ఇద్దరమూ ముఖాలు చూసుకొన్నాము గాని బయటపడలేదు.

ఐదు శనివారాలు పట్టింది. మొదటి రెండు వారాలలో చేసినదంతా పిల్లలే వినుకొని చెరిపివేశారు. చెరిపినందుకు వాళ్లు దిగులుపడితే, లండన్ రికార్డింగు సంగతి వాళ్లకే గుర్తుచేశాను. నాలుగవ శనివారం అబ్బాయి కిందికి వచ్చి మెట్ల మీద కూర్చొన్నాడు. ఏమీ మాట్లాడలేదు. ఒంటిగంటకు లేచి, "టైమయింది" అని మాత్రం అన్నాడు.

యాభై క్యాసెట్లు చేయించుకొన్నారు. అట్టలు నా వంతు. మా బడిలో విద్యార్థుల లిఖిత పత్రికకు అట్టలు కట్టిన చేతులు గదా, మైదాపిండి ఉడికించి జిగురు చేసి, మడతలు గోటితో నొక్కి చూపించాను. పిల్లలు నలుగురూ నేర్చుకొన్నారు. వెల ఏమి వేయాలని చర్చ వచ్చినప్పుడు, ఊరికే ఇచ్చేద్దామన్నాడు మనుమడు. వద్దన్నాను. వెల లేనిదని వ్రాసుకొన్న పుస్తకం గతి నాకు తెలుసు. మీ బడిలో పిల్లవాడు ఎవడైనా తన జేబులోనుండి తీసి ఇవ్వగలిగినంత వేయండి, అదీ అట్టమీదనే వేయండి అన్నాను. 2 డాలర్లు వేశారు.

మొదటి క్యాసెట్టు అబ్బాయి కొన్నాడు. కొడుకు డబ్బు వద్దంటున్నా రెండు డాలర్లు వాని చేతిలో పెట్టి, క్యాసెట్టు చొక్కా జేబులో వేసుకొని ఆఫీసుకు వెళ్లిపోయాడు.

నాకొకటి ఇచ్చారు. నాలుగు పాటలలో రెండు నచ్చాయి, రెండు నచ్చలేదు. ఆ మాటే మనుమడితో చెప్పాను. ఏ రెండు అని అడిగాడేగాని చిన్నబుచ్చుకోలేదు. ఇంట్లో పాత టేప్ రికార్డరు అటక మీద ఉన్నది, బెల్టు తెగిపోయింది. బాగుచేసేవాడు తెనాలిలో ఇంకా ఉన్నాడేమో రేపు వెళ్లి విచారించాలి.

సెలవు.