గంటల కూలి

మాఘమాసమున మా చిలకలూరిపేట ప్రాంతపు మిరపచేలు ఎఱ్ఱబాఱగనే, కోతకూలీలు తెల్లవాఱకమున్నే సద్దిగిన్నెలతో ఆటోలెక్కి పోవుచుందురు. అదే యాటోలో నొకమూల, పుస్తకముల సంచి యొడిలో నుంచుకొని మా వదినగారును పోవుచుండెడివారు. కూలీలు చేనికడ దిగుదురు, వదినగారు కళాశాలకడ దిగుదురు. కూలీల దినములను మేస్త్రి తన పుస్తకమున వ్రాసి యుంచును. ఎం.ఏ. చదివిన వదినగారి దినములను అట్లు వ్రాసి యుంచినవారు లేరు.

ఆమె యొక ప్రభుత్వ కళాశాలలో పందొమ్మిదేండ్లు తెలుగు చెప్పిరి. పేరు పార్ట్‌టైము లెక్చరరు, గంటకింతయని లెక్క. దసరాకు లేదు, సంక్రాంతికి లేదు, వేసవికి లేనేలేదు. ప్రతి చైత్రమున పంపివేయుట, ఆషాఢమున మరల క్రొత్త కాగిత మిచ్చుట. ఇట్లు పందొమ్మిదేండ్ల కొలువు పందొమ్మిది ముక్కలయ్యెను. ఇంట కూర్చుండి పరీక్షపత్రములు దిద్దిన రాత్రులు ఏ లెక్కలోనికిని రాలేదు. రెండవ కానుపునాడు పురిటి సెలవు మాట యెత్తగా, "మీరు ఉద్యోగస్థులు కారు గదమ్మా" యనిరి. నలువదియవనాడే చెవులలో దూది పెట్టుకొని తరగతికి పోయిరి. మేమును చూచి యూరకుంటిమి. దినకూలీ స్త్రీలకును ప్రసూతి సెలవు చెల్లునని ఢిల్లీ నగరపాలక సంస్థ వ్యాజ్యమున 2000 సంవత్సరముననే సుప్రీముకోర్టు చెప్పియున్నదని మా యింట నెవ్వరికిని తెలియదు.

2006లో ఉమాదేవి వ్యాజ్యపు తీర్పు వచ్చినది మొదలు, అడిగినవారికెల్ల అధికారులు దానినే చూపుచు వచ్చిరి: పోటీపరీక్ష లేక చేరినవారిని స్థిరపఱచ వలనుపడదని. మంజూరైన ఖాళీలలో పదేండ్లు పనిచేసిన అర్హులను ఒక్కసారికి స్థిరపఱచవచ్చునని ఆ తీర్పులోనే యున్నది. ఆ మాట చెప్పినవారు మాకు కనబడలేదు! 2023లో మన రాష్ట్రమున వచ్చిన చట్టము కాంట్రాక్టువారిని గూర్చినది. వదినగారి కాగితములలో నున్నది పార్ట్‌టైము.

త్రోవ చూపినవారు లెక్చరర్లు కారు, కసవూడ్చు స్త్రీలు. కేంద్ర జలసంఘపు కార్యాలయమున ఏండ్లతరబడి ఊడ్చిన జగ్గో మున్నగువారిని 2018లో ముందుమాట లేక తొలగించిరి. పేరునకు పార్ట్‌టైమైనను, నిత్యమును అవసరమగు పనిని ఏండ్లకొలది చేయించుకొని, ఉమాదేవి తీర్పును అడ్డుపెట్టుట తగదని సుప్రీముకోర్టు 20-12-2024న చెప్పి, వారిని స్థిరపఱచుమనెను. మరుసటి యేడు ఆగస్టులో గుజరాతు కాంట్రాక్టు అధ్యాపకుల వ్యాజ్యము వచ్చెను. తోడివారికి లక్షకు మించి వచ్చుచుండగా వీరికి నెలకు 30,000 రూపాయలే. సభలలో గురుబ్రహ్మ శ్లోకము చదివినంత చాలదని కోర్టు మందలించినది.

ఈ వార్త చదివి వినిపింపగా వదినగారు నవ్వి, "ఆ తల్లులు మనకు త్రోవ యూడ్చి పెట్టినారు, అమ్మాయీ" యనిరి.

త్రోవ యున్నను నడచుటకు కాగితములు కావలెను. అటకమీది ట్రంకుపెట్టె దింపి చూడగా ఏడేండ్ల యుత్తరువులు చెదలపాలై యున్నవి. మిగిలినవానిని మేమిరువురము ఏండ్లవారిగా పేర్చి దారము కట్టితిమి. చెడినవానికై సమాచారహక్కు చట్టము క్రింద 10 రూపాయలు చెల్లించి, ఆనాటి హాజరుపట్టీల నకళ్లు కోరుచు అర్జీ పెట్టితిమి. జవాబునకు గడువు 30 దినములు. వచ్చు శుక్రవారముతో ముప్పదియును నిండును.