ఎలక్ట్రిక్ ట్రైనులో మనవాళ్ళు

తాంబరం నుంచి బీచి స్టేషనుకు రోజూ ఆఫీసుకు పోయివచ్చే గుమాస్తాలం మేము. ఈ దారిలో ఎలక్ట్రిక్ ట్రైను 1931లో వచ్చింది. 2004 నాటికి మీటరు గేజి పోయి బ్రాడ్ గేజి అయింది. పెట్టెలు వెడల్పయ్యాయి, వాటితోపాటు కూర్చునేవారి మోకాళ్ళు కూడా వెడల్పయినట్లున్నాయి.

కిటికీ ఊచల సందులోంచి చేతిరుమాలు వేసి చోటు పట్టే ఆయన ఒకరు. ఆ రుమాలుకున్న హక్కు ముందర మా సీజను టిక్కెట్టు ఎందుకూ కొరగాదు. టిఫిను సంచిని పక్కన కూర్చోబెట్టి, తాను కళ్ళు మూసుకునే పెద్దమనిషి మరొకరు. సంచికి టిక్కెట్టు కొన్నారా అని అడగాలని మాకు ఏనాటినుంచో కోరిక. గుమ్మంలో గాలికి నిలబడే కుర్రాడి సంగతి చెప్పనే అక్కరలేదు. తాను దిగడు, దిగేవారికి దారి ఇవ్వడు.

వీరందరినీ ఓర్చుకోవచ్చు. సెల్‌ఫోనులో అవతలివారి మాటలు కూడా పెట్టె అంతటికీ వినిపించేవారిని ఓర్చుకోవడమే కష్టం. అందులోనూ తెలుగులో! ఇక్కడ తెలుగు ఎవరికి తెలుస్తుందిలే అని వారి ధైర్యం. అయ్యా, మూడు నాలుగు తరాలుగా ఇక్కడే పుట్టి పెరిగి, వీధిలో తమిళం, ఇంట్లో తెలుగు మాట్లాడేవాళ్ళం ఆ పెట్టెలోనే ఎందరం ఉన్నామో! ఎవరెవరి చీటీ బాకీలో, ఎక్కడెక్కడ తప్పిపోయిన సంబంధాలో మాకు కంఠస్థం.

మొన్న పల్లావరంలో ఎక్కిన ఒకాయన ఇట్లాగే తమ్ముడితో మాట్లాడుతున్నారు. వచ్చే నెల నుంచి అమ్మను నువ్వు ఉంచుకో అని ఈయన. పోయిన ఏడాది అంతా నా దగ్గరే కదా ఉంది అని ఆ తమ్ముడు. మందుల ఖర్చు, మంచం వేయడానికి చోటు చాలకపోవడం, రాత్రిళ్ళు దగ్గు, అన్నీ గిండీ దాకా లెక్కకు వచ్చాయి. మేము పేపరు తిప్పుతున్నాము గాని ఒక్క అక్షరం చదవలేదు.

ఎదురుగా ఒక ముసలమ్మ కనకాంబరాలు కడుతూ కూర్చుంది. సైదాపేటలో గంప ఎత్తుకుంటూ, "అది సరే నాయనా, ఆయమ్మ ఎవురికాడ ఉంటానంటాదో అడిగితిరా?" అని, జవాబు కోసం నిలవకుండా దిగిపోయింది.

ఆయన ఫోను గబుక్కున జేబులో పెట్టుకున్నారు. తమ్ముడు మాత్రం జేబులోంచి హలో హలో అంటూనే ఉన్నాడు. మా వరసలో ఇద్దరు దగ్గారు, ఇద్దరూ తెలుగువారే.

మాంబళం దాటింది, కోడంబాక్కం దాటింది. ఆయన తల ఎత్తలేదు. చేట్పట్టు దగ్గర వేరే నంబరు నొక్కి, ఈసారి ఫోను చెవికి ఆనించుకుని, మెల్లగా "అమ్మను పిలువు" అన్నారు. ఆ తరువాత ఏమన్నారో మాకు వినపడలేదు. కాస్త ముందుకు వంగి చూశాము కూడా. ఎగ్మూరులో ఆయన దిగిపోయారు.