బండి సరే, ప్లగ్గు ఎవరిది?

మా అక్క పదకొండేళ్లుగా ఒంగోలులో ఇడ్లీ బండి తోస్తోంది. మోకాళ్లు అరిగిపోయాయి. పోయిన నెల ఫోన్ చేసి, "తమ్ముడూ, బ్యాటరీ బండి కొందామనుకుంటన్నా. నువ్వు చదువుకున్నోడివి, వచ్చి చూడు" అంది.

వెళ్లాను. షాపులో నేను ధరెంత, మైలేజీ ఎంత, సబ్సిడీ వస్తుందా అని అడిగాను. అక్క ఒక్కటే అడిగింది.

"ఛార్జింగు ఎంతసేపు పెట్టాలి బాబూ?"

"రాత్రి పెడితే పొద్దునకి ఫుల్లమ్మా. ఎనిమిది, పది గంటలు."

అక్క మొహం వాడిపోయింది. ఎందుకో నాకు వెంటనే తెలియలేదు.

తోపుడు బండి రాత్రి ఎక్కడైనా ఉంటుంది. చెట్టుకి గొలుసేస్తే చాలు. మోటారు బండికి గేటు లోపల చోటు కావాలి, ప్లగ్గు కావాలి. ఆ బండిలో లెడ్ యాసిడ్ బ్యాటరీలు నాలుగు, ఒక్కోటి పాతిక కిలోల దాకా. రోజూ విప్పి మేడ మీదికి మోసే పని కాదు. అక్క ఉండేది అద్దె గదిలో. "మీరేమిట్లు?" అన్న ప్రశ్నలు దాటుకుని, మూడు నెలలు తిరిగితే దొరికిన గది అది.

అయినా వెళ్లి అడిగాం. సబ్ మీటరు పెట్టుకుంటాం, యూనిట్ల లెక్క కట్టేస్తాం అన్నాం. ఇంటావిడ మెల్లగానే చెప్పింది. "కరెంటు డబ్బుల గురించి కాదమ్మా. మీ గిన్నెలూ సామాన్లూ మా వాకిట్లో ఉంటే చుట్టాలు ఏమనుకుంటారు?"

పొద్దున ఆ వీధి పిల్లలే అక్క ఇడ్లీ తిని బడికి పోతారు.

నేను చట్టాలు చదివినవాణ్ణి. 2014 వీధి వ్యాపారుల చట్టం ప్రకారం సర్వే పూర్తయి, అందరికీ సర్టిఫికెట్లు ఇచ్చేదాకా ఎవరినీ ఖాళీ చేయించకూడదు. వెండింగ్ కమిటీలో వ్యాపారులు 40 శాతానికి తగ్గకూడదు. ఎస్సీలకు తగిన చోటివ్వాలి. అవన్నీ పగటి రోడ్డు సంగతులు. రాత్రి ఆ గేటు దగ్గర ఆ సర్టిఫికెట్టు చూపిస్తే ప్లగ్గు ఇవ్వరు.

అప్పు సంగతీ అంతే. 2020లో పీఎం స్వనిధి మొదలైనప్పుడు తొలి విడత 10,000. పూచీకత్తు అడగరు, మంచిదే. దాంతో బండి మాత్రం రాదు. మిగతాది ఫైనాన్సు. బండి కదలకపోయినా వాయిదా ఆగదు.

తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, మీ ఇళ్లల్లో ఎవరైనా ఇలాంటి బండి కొంటుంటే సబ్సిడీ ఫారం కంటే ముందు ఇవి అడగండి. రాత్రి ఎక్కడ పెడతారు? ఎవరి మీటరు? రెండేళ్లకో మూడేళ్లకో బ్యాటరీలు మార్చాలి, ఆ డబ్బు ఇప్పటినుంచే పక్కన పెడుతున్నారా? సరుకుల బండి కొని టిఫిను బాడీ కట్టిస్తే ఆ మార్పు ఆర్సీలో ఎక్కిందా? లేకపోతే రేపు ఇన్సూరెన్సు దగ్గర చిక్కు. ఛార్జింగులో ఉన్న బ్యాటరీల నుంచి మండే గాలి వస్తుంది, పక్కన పొయ్యి వెలిగించకూడదని చెప్పారా?

అక్క ఇంకా బండి కొనలేదు. మా పేటలో కమ్యూనిటీ హాలు పక్కన రేకుల షెడ్డు ఉంది. కుర్రాళ్లు శుభ్రం చేశారు. విడిగా మీటరు కోసం దరఖాస్తు పెట్టాం. ఒక బండికి కాదు, నాలుగు బండ్లకి సరిపడా. ఇంకో ముగ్గురు అక్కలు కూడా అడుగుతున్నారు.

"మీటరు రానీరా, అప్పుడు అడ్వాన్సు కడదాం" అంటోంది అక్క.

ఆ షాపులో సరైన ప్రశ్న అడిగింది తనే.

జై భీమ్.