చేతి రుచి

మా అమ్మ ఆసాముల వాకిట్లో మిరపకాయలు దంచేది. చేతులు మండితే రాత్రికి ఆముదం రాసుకునేది. కారం దంచి జల్లించిందాకా పనికొచ్చిన చెయ్యి, ఆవకాయ జాడీ దగ్గరికొచ్చేసరికి మైలయ్యేది. అదేం లెక్కో!

2019లో పనిమీద సియోల్ వెళ్ళి, ఒకరోజు కిమ్చీ పెట్టడం నేర్పే క్లాసుకి పోయాను. టీచరమ్మ మొదట చెప్పిన మాట ‘సోన్‌మాత్’. సోన్ అంటే చెయ్యి, మాత్ అంటే రుచి. చేతిలోనే రుచుందంట! కారం మండకుండా తొడుగులిచ్చారు. ఇద్దరికో గిన్నె. ఉప్పులో ఊరిన పొడుగు క్యాబేజీ, ముల్లంగి, వెల్లుల్లి, అల్లం, ఉప్పు రొయ్యలు, జావలో కలిపిన ఎర్రకారం. ఆకాకు మధ్యా పూయాలి.

ఆ దేశమూ కడిగిన ముత్యమేం కాదు. పశువుల్ని కోసేవాళ్ళనీ, తోలుపనివాళ్ళనీ పెక్‌జోంగ్‌లని వెలిగా ఉంచారు. 1894 సంస్కరణలు ఆ హీనతని కాగితం మీద తీసేసినయ్, ఊళ్ళు తియ్యలా. 1923లో జింజులో వాళ్ళు హ్యోంగ్‌ప్యోంగ్‌సా అనే సంఘం పెట్టుకున్నారు. మాంసం తూచే తక్కెడనే సంఘం పేరులోకి తెచ్చుకున్నారు.

నా గిన్నెలో జత మనవైపావిడే. తెలుగు వినపడగానే సంబరపడి, “మీ ఇంటిపేరేంటండీ?” అంది. ఆ ప్రశ్న దేనికో మనకి తెలీదా?

“మాదిగోళ్ళమండీ” అన్నా.

ఆమె చెయ్యి గిన్నెలో ఆగిపోయింది. టీచరమ్మకి ఇవేం పట్టలా. నేను పూసిన ఆకొకటి తుంచి, చుట్టి, ఆమె నోట్లో పెట్టింది. ఎట్టా ఉందని అడిగింది.

ఆమె నమిలింది, మింగింది. నావైపు చూడకుండానే, ఉప్పు సరిపోయిందంది.